సంక్రాంతికి కోనసీమలో సైకిల్ టూర్: బయల్దేరే ముందు జాగ్రత్తలు

కోనసీమలో సైకిల్ టూర్ అనగానే ఎక్కువమంది అడిగే ప్రశ్న "ఎత్తులు ఎక్కాలా?" అని. అక్కర్లేదు. బొబ్బర్లంక నుంచి సముద్రం దాకా నేలంతా చదునే. వంతెనల దగ్గర తప్ప గేరు మార్చే పనే పడదు. అందుకే జనం ఏ తయారీ లేకుండా వచ్చేస్తారు. ఇక్కడ ప్రమాదం దారి ఎత్తుపల్లాల్లో ఉండదు, దారికి రెండు పక్కలా ఉంటుంది. ఒక పక్క కాలువ, ఇంకో పక్క వరిచేను, మధ్యలో ఒక కారు పట్టేంత దారి. దాని మీదే గడ్డి ట్రాక్టరు, కొబ్బరికాయల ఆటో, బడి పిల్లలు, ఆరబోసిన ధాన్యం, ఇంటి ముందు ముగ్గు. మనం రోడ్డు అనుకునేది ఆ ఊరివాళ్ళకి కళ్ళం, వాకిలి కూడా. ఇది గుర్తుంటే ఈ జాగ్రత్తల్లో సగం ఎవరూ చెప్పక్కర్లేదు.

ముందు మంచు సంగతి. ధనుర్మాసంలో డెల్టాలో తెల్లవారుజామున పొగమంచు దట్టంగా దిగుతుంది. జనవరి మధ్యలో సూర్యోదయమే ఆరున్నర ప్రాంతంలో. ఐదున్నరకే బయల్దేరదామని ఉత్సాహపడేవాళ్ళు ఉంటారు గానీ, ముందున్న సైకిల్ వెనక లైటు యాభై అడుగుల దూరం నుంచి కనపడకపోతే ఆగిపోవడమే మంచిది. టీ కొట్టు దగ్గర అరగంట కూర్చుంటే పోయేదేం లేదు. ముందు తెల్ల లైటు, వెనక ఎర్ర లైటు పగలు కూడా వెలుగుతూ ఉండాలి. సాయంత్రం ఐదు ముప్పావుకల్లా పొద్దు వాలిపోతుంది, కాబట్టి ఐదింటికే బసకు చేరేలా రోజు ప్లాన్ ఉండాలి. చీకటి పడ్డాక వెనక లైటు లేని ట్రాక్టరు ట్రక్కులు, రోడ్డు మీద ధాన్యం కుప్పల పట్టాలు ఎగరకుండా పెట్టిన రాళ్ళు కంటికి ఆనవు.

గాలినీ లెక్కలో పెట్టుకోవాలి. పొద్దున పూట గాలి తక్కువ. ఎండెక్కాక సముద్రం మీంచి గాలి లేస్తుంది. అందుకే ఓడలరేవు, అంతర్వేది వైపు వెళ్ళాలంటే పొద్దున్నే వెళ్ళి, మధ్యాహ్నం గాలిని వీపుకి పెట్టుకుని తిరిగి రావాలి. ఇది తిరగేసి ప్లాన్ చేసిన టూర్‌లో చివరి పది కిలోమీటర్లు చదును నేల మీద కూడా చుక్కలు చూపిస్తాయి. అలసిపోయినప్పుడే హ్యాండిల్ వంకర తిరుగుతుంది, పక్కనే కాలువ.

ఇక కాలువ. కాటన్ దొర ధవళేశ్వరం దగ్గర ఆనకట్ట కట్టించింది 1852 నాటికి. అప్పటి నుంచి ఈ నేలంతా కాలువలే. గట్ల మీద సైకిల్ తొక్కడమే ఈ టూర్‌లో అసలు ఆనందం, అసలు భయం కూడా అక్కడే. గట్టు మీద జంటగా తొక్కకూడదు. ఒకరి వెనక ఒకరు, మధ్యలో రెండు సైకిళ్ళ దూరం. అంచున గడ్డి పచ్చగా, గట్టిగా కనిపిస్తుంది గానీ కింద మట్టిని ఎండ్రకాయలు, ఎలుకలు తొలిచేసి ఉంటాయి. చక్రం దిగబడితే మనిషి నీళ్ళలోనే. ఎదురుగా బండి వస్తే అంచుకి జరగొద్దు. దిగి, సైకిల్ని చేను వైపు పెట్టి నిలబడండి. వాళ్ళే జాగ్రత్తగా పోతారు.

ఇంకోటి, కొత్తవాళ్ళకు అస్సలు తెలియనిది. గుర్రపుడెక్క కమ్మేసిన కాలువ దూరం నుంచి పచ్చిక బయలులాగే ఉంటుంది. ఫొటో కోసం నాలుగడుగులు అటు వేస్తే నీళ్ళు, నీళ్ళ కింద బురద, కాళ్ళకి చుట్టుకునే వేళ్ళు. పచ్చగా, చదునుగా, గట్టు కంటే కిందకి ఏదైనా కనిపిస్తే అది నీరే అనుకోండి. ఎవరైనా పడితే వెంటనే దూకేయకుండా తాడు గానీ వెదురు గానీ అందించాలి. గైడ్ సంచిలో తాడు ఉందో లేదో మొదటి రోజే అడగండి. లాకుల మీద, సన్నటి కాలిబాట వంతెనల మీద దిగి నడిపించడమే. పరుగు పందెం కాదు కదా ఇది.

గోదావరి పాయ దాటాల్సి వస్తే పంటు, అంటే మనుషుల్నీ బండ్లనీ దాటించే పడవ, ఎక్కుతాం. రేవులో దిగే చోట బురద జారుడు, పాటు వేళ, అంటే నీరు వెనక్కి తగ్గినప్పుడు, వాలు ఇంకా ఎక్కువ. సైకిల్ని బ్రేకు పట్టుకుని నడిపించి ఎక్కించండి. లైఫ్ జాకెట్ ఇవ్వకపోతే అడగండి, ఇస్తే వేసుకోండి, ఫొటో అయ్యాక విప్పేయకండి. 2019 సెప్టెంబరులో కచ్చులూరు దగ్గర బోటు మునిగి పదులమంది పోయిన తర్వాత కూడా జాకెట్‌ని భుజాన వేలాడేసుకుని నిలబడేవాళ్ళు కనిపిస్తూనే ఉన్నారు. అంతర్వేదిలో గోదావరి వశిష్ఠ పాయ సముద్రంలో కలిసే చోటు చూడ్డానికి చాలా బాగుంటుంది, ఈతకి మాత్రం పనికిరాదు. లోపల ప్రవాహం ఎటు లాగుతుందో పైకి తెలియదు.

వరి కోతలు అయిపోయి నూర్పిళ్ళు సాగుతున్న చోట రోడ్డు మీద గడ్డి పరిచి ఉంటుంది. మంచుకి తడిసిన గడ్డి మీద ముందు బ్రేకు గట్టిగా పడితే జారి పడటం ఖాయం. వెనక బ్రేకుతో, నెమ్మదిగా. ధాన్యం మీద నుంచి తొక్కుకుంటూ పోవడం ప్రమాదమని కాదు, అది వాళ్ళ ఏడాది కష్టం. దిగి పక్క నుంచి నడిపించుకు వెళ్తే ఆ రైతే "ఎక్కడి నుంచి వచ్చారండి?" అని పలకరిస్తాడు, బోండం కొట్టించి ఇచ్చినా ఇస్తాడు. కొబ్బరి తోటలో సేద తీరాలనుకుంటే ముందు తల పైకెత్తి చూడండి. కాయల దింపు జరుగుతున్న తోటలోకి అసలు పోవద్దు. దింపు లేకపోయినా ఎండు మట్టలు చెప్పి రాలవు. హెల్మెట్ తీసేసి చెట్టు మొదట్లో కునుకు తీయడం కోనసీమలో తెలివైన పని కాదు.

చేల గట్లకి దిగేటప్పుడు, చీకట్లో బయటికి వెళ్ళేటప్పుడు బూట్లు, టార్చి ఉండాలి. కోతల తర్వాత ఎలుకల వెంట పాములు తిరుగుతాయి. నాగుపాము, కట్లపాము, రక్తపింజరి మూడూ డెల్టాలో ఉన్నవే. కాటు పడితే కట్టు బిగించడం, కోయడం, నోటితో పీల్చడం, పసరు మందు, ఏదీ వద్దు. ఉంగరాలు, గాజులు తీసేసి, కరిచిన కాలో చెయ్యో కదలకుండా ఉంచి, నడిపించకుండా 108కి ఫోన్ చేయడమే. యాంటీవెనం ఉన్న దగ్గరి ఆస్పత్రి ఏదో గైడ్‌కి ముందే తెలిసుండాలి. కుక్కలు వెంటపడితే వేగం పెంచొద్దు. దిగి, సైకిల్ని మధ్యలో అడ్డం పెట్టుకుని నిదానంగా నడవండి. కరిస్తే సబ్బుతో, పారే నీళ్ళ కింద పావుగంట కడిగి, అదే రోజు టీకా వేయించుకోవాలి.

ఈ ప్రాంతంలో భూమి లోపల గ్యాస్ పైపులైన్లు ఉన్నాయి. 2014 జూన్‌లో మామిడికుదురు మండలం నగరం గ్రామంలో పైపు పేలి ఇరవై మందికి పైగా చనిపోయారు. పైపు దారిని చూపే స్తంభాల దగ్గర మంట వేయడం, స్టవ్ వెలిగించి టీ కాచుకోవడం చేయొద్దు. గ్యాస్ వాసన గానీ బుస్సుమని చప్పుడు గానీ వస్తే వీడియో తీయడం మాని, గాలి వచ్చే వైపుకి దూరంగా వెళ్ళి 112కి చెప్పండి.

పండగ మూడు రోజులూ లెక్క వేరు. భోగి నాడు మంచుకి మంటల పొగ తోడవుతుంది. ఆ పొద్దున ఏడున్నర దాకా సైకిల్ తీయకుండా ఊళ్ళోనే మంట దగ్గర నిలబడి చలి కాచుకోవడం మేలు. వీధుల్లో ముగ్గుల మీద, గొబ్బెమ్మల మీద టైరు ఎక్కించకండి. ఆ ఇళ్ళ ఆడవాళ్ళు తెల్లారకముందే లేచి వేసినవి అవి. గంగిరెద్దు ఎదురైతే బెల్లు కొట్టొద్దు, బెదిరితే ఎద్దునీ పట్టుకోలేం, మిమ్మల్నీ పట్టుకోలేం. పది దాటితే హైదరాబాద్ కార్లు రోడ్డెక్కుతాయి, మధ్యాహ్నానికి మందు తాగి నడిపేవాళ్ళూ ఎక్కువే. ఈ మూడు రోజులు పది లోపే తొక్కడం ముగించమని మా మాట. కోడిపందేల బరి చూపించమని గైడ్ని వేధించొద్దు. అది చట్టవిరుద్ధం, పోలీసులొస్తే తొక్కిసలాటలో ముందు నలిగేది దారి తెలియని మనిషే.

చూడాల్సింది కనుమ నాడు జగ్గన్నతోట ప్రభల తీర్థం. అంబాజీపేట మండలం మొసలపల్లి దగ్గర కొబ్బరి తోటలో, గుడి లేని చోట, పదకొండు ఊళ్ళ నుంచి ఏకాదశ రుద్రులు, అంటే పదకొండు శివుళ్ళు, ప్రభల మీద (వెదురుతో కట్టి రంగు గుడ్డలతో అలంకరించిన ఎత్తైన చట్రాల మీద) వచ్చి కలుసుకుంటారు. గంగలకుర్రు, గంగలకుర్రు అగ్రహారం ప్రభల్ని భుజాల మీద మోసుకుంటూ పచ్చటి చేలు తొక్కి, కౌశిక కాలువలో దిగి దాటిస్తారు. ఆ జనంలోకి సైకిల్ తీసుకుపోవడం కుదరని పని. ముందు ఊళ్ళోనే ఎవరి ఇంటి దగ్గరైనా పెట్టి నడిచి వెళ్ళండి. ప్రభ వచ్చే దారికి అడ్డం నిలబడొద్దు. మోసేవాళ్ళకి ముందున్నది కనిపించదు, ఊపు మీద ఆగలేరు కూడా. కరెంటు తీగల కింద, బాణసంచా పక్కన ఉండొద్దు. గట్టు మీద నుంచి కౌశిక దాటడం చూడండి, నీళ్ళలోకి దిగేది ఆ ఊరి కుర్రాళ్ళే. బృందం విడిపోతే ఎక్కడ కలవాలో ముందే అనుకోవాలి, ఆ గోలలో ఫోన్ మోగినా వినపడదు.

తిండి దగ్గరికి వస్తే, ఇక్కడ తక్కువ తినడమే కష్టం. పొద్దున అంబాజీపేటలో పనసాకుల బుట్టల్లో ఉడికిన పొట్టిక్కలు, అంటే ఒక రకం ఇడ్లీలు, తింటే నాలుగు గంటలు సుఖంగా తొక్కొచ్చు. మధ్యాహ్నం ఎవరింట్లోనో భోజనం ఏర్పాటు చేస్తారు. పనసపొట్టు కూర, ముద్దపప్పు, ఆవకాయ, చేపల పులుసు, మీద నెయ్యి. "ఇంకాస్త వేసుకోండి, ఏం తిన్నారని!" అంటూ ఆ ఇల్లాలు గరిటె పట్టుకుని నిలబడితే కాదనడం ఎవరి తరం? విస్తట్లో చెయ్యి అడ్డం పెట్టి "చాలండి, సాయంత్రం మళ్ళీ తొక్కాలి" అని నవ్వుతూ చెప్పండి, నొచ్చుకోరు. వదిలేస్తేనే నొచ్చుకుంటారు. అడిగినవాళ్ళకి లేదనకుండా అన్నం పెట్టిన డొక్కా సీతమ్మ గారిది ఈ కోనసీమలోని లంకల గన్నవరమే మరి. భోజనం చేసిన గంటన్నర దాకా సైకిల్ ఎక్కకుండా ఉండేలా ప్లాన్‌లో విరామం ఉండాలి. లేకపోతే వాంతులు, కళ్ళు తిరగడం.

రొయ్యలు, వేరుశనగ, జీడిపప్పు పడనివాళ్ళు ముందు రోజే గైడ్‌తో చెప్పాలి, వడ్డించాక కాదు. ఎవరైనా జనవరిలో పులస పులుసు పెడతామని అంటే కాస్త ఆలోచించండి. గోదారికి వరద వచ్చి ఎర్రనీరు పారే శ్రావణ భాద్రపదాల చేప అది. సంక్రాంతికి దొరికేది ఫ్రీజర్‌లోదో, సముద్రపు విలసో అయ్యుంటుంది. ఏదైనా ముళ్ళు మాత్రం బోలెడు, మాటలాపి తినండి. కల్లు ముంత సాయంత్రం బసలో అయితే మీ ఇష్టం, దారిలో వద్దు.

ఆత్రేయపురంలో పూతరేకులు తీసే ఇళ్ళకి తీసుకెళ్తారు. 2023లో జీఐ (భౌగోళిక) గుర్తింపు వచ్చాక చూసేవాళ్ళు పెరిగారు. బోర్లించిన కుండ కింద మంట, పైన పిండిలో ముంచిన గుడ్డతో ఒక్క తుడుపు, రేకు వచ్చేస్తుంది. కుండ కాలుతూ ఉంటుంది, పిల్లల్ని దగ్గరికి పోనివ్వకండి. ఆ ఆడవాళ్ళు పనిలో ఉన్నారు. అడిగి ఫొటో తీయండి, మంట ముందు వాళ్ళ మొహం మీద ఫ్లాష్ కొట్టకండి. కొన్న పూతరేకుల్ని సైకిల్ సంచిలో వేస్తే సాయంత్రానికి పొడి అవుతుంది, సామాను బండిలో పంపండి. షుగర్ ఉన్నవాళ్ళు బెల్లం రేకు అయితే పర్వాలేదనుకుంటారు. రెండూ ఒకటే.

నీళ్ళు తీరం వైపు వెళ్ళే కొద్దీ బోర్లలో ఉప్పగా ఉంటాయి, కాలువ నీళ్ళు తాగేవి కావు. మనిషికి రెండు లీటర్లు వెంట ఉంచుకోండి. బోండం నీళ్ళు మంచివే గానీ చెమటలో పోయిన ఉప్పు వాటితో పూర్తిగా తిరిగి రాదు, ఓఆర్ఎస్ పొట్లాలు రెండు జేబులో ఉండాలి. కిడ్నీ జబ్బు ఉన్నవాళ్ళు బోండాల విషయం డాక్టర్ని అడిగే రావాలి, వాటిలో పొటాషియం ఎక్కువ.

సొంత సైకిల్ తెచ్చుకునేవాళ్ళు సన్నటి రోడ్ టైర్లతో రావొద్దు. 35 మిల్లీమీటర్లు, ఆపైన ఉంటే గట్ల మీద పట్టు ఉంటుంది. సన్నగా ఉండే ప్రెస్టా రకం వాల్వ్ ఉంటే మామూలు పంపు పట్టడానికి అడాప్టర్, రెండు ట్యూబులు మీవి మీరే తెచ్చుకోవాలి. పల్లెల్లో పంక్చర్ షాపు ఉంటుంది, దాని పంపు మీ వాల్వ్‌కి పట్టదు. చున్నీ, పంచె, ప్యాంటు అంచు గొలుసులో పడకుండా కట్టుకోండి. గుళ్ళోకి వెళ్ళాలంటే నిక్కరు మీద చుట్టుకోవడానికి ఓ లుంగీ సంచిలో ఉంచండి.

డబ్బు కట్టే ముందు నిర్వాహకుల్ని కొన్ని అడగాలి. వెనక సామాను బండి వస్తుందా? అందరికంటే చివర తొక్కే మనిషి ఉన్నాడా? ఒక గైడ్‌కి ఎంతమంది? ఆడవాళ్ళకి దారిలో మరుగుదొడ్డి ఎక్కడెక్కడ? మంచు పట్టినా వాన పడినా ఆ పూట ఏం చేస్తారు? "ఏం పర్లేదండి, చూసుకుందాం" అనే ఒక్క సమాధానమే వస్తే ఇంకొకరిని వెతుక్కోండి.

తిరుగు ప్రయాణం కనుమ నాడు పెట్టుకోకండి. కనుమ నాడు కాకైనా కదలదని ఇక్కడి మాట, ఆతిథ్యమిచ్చినవాళ్ళు ఎలాగూ పంపరు. ఆ మర్నాటి నుంచి రాజమండ్రిలో రైళ్ళన్నీ కిక్కిరిసి ఉంటాయి. ఇంకో రెండు రోజులు ఆగి బయల్దేరేలా టికెట్ ముందే చేయించుకోండి, సైకిల్ని పార్సిల్‌లో వేయాలంటే స్టేషన్‌కి రెండు గంటల ముందే చేరండి.