దశాంశాలతో లెక్కలు – 4వ పాఠం: ముందు ఏది, తర్వాత ఏది?

గత పాఠంలో దశాంశ సంఖ్యలను గుణించేటప్పుడు, భాగించేటప్పుడు బిందువును ఎక్కడ పెట్టాలో నేర్చుకున్నాము. నాలుగు ప్రక్రియలూ, వాటితోపాటు బ్రాకెట్లూ ఒకే సంఖ్యా సమాసంలో కలిసి వస్తే దేనిని ముందు చేయాలన్నది ఇప్పటి ప్రశ్న.

మిర్యాలగూడ వైపు ఒక కొనుగోలు కేంద్రంలో 38 బస్తాల వడ్లు కాంటా అయ్యాయనీ, ఒక్కో బస్తా సంచితో కలిపి 40.6 కిలోలు తూగిందనీ, ఖాళీ సంచి బరువు 0.6 కిలోలనీ అనుకుందాం. సంచులు పోగా మిగిలే వడ్లు 38 × (40.6 − 0.6) = 38 × 40 = 1520 కిలోలు. బ్రాకెట్టు మరిచిపోయి 38 × 40.6 − 0.6 అని రాస్తే గుణకారమే ముందు జరిగి 1542.8 − 0.6 = 1542.2 వస్తుంది, 38 సంచుల బరువు తీయవలసిన చోట ఒక్క సంచి బరువే తీసినట్లయింది. తేడా 22.2 కిలోలు, అంటే 0.222 క్వింటాళ్లు. 2025–26లో ఏ-గ్రేడు వడ్ల మద్దతు ధర క్వింటాలుకు 2389 రూపాయలు గనుక, ఒక్క బ్రాకెట్టు ఖరీదు దాదాపు 530 రూపాయలు.

బడిలో అందరమూ బట్టీ పట్టిన ‘బోడ్‌మాస్’ (బ్రాకెట్లు, ‘ఆఫ్’, భాగహారం, గుణకారం, కూడిక, తీసివేత అన్న వరుసకు ఇంగ్లీషు పొట్టి పేరు) బ్రాకెట్లను ముందు చేయమనడం వరకు బాగానే ఉంది కానీ, అందులో భాగహారం గుణకారానికి ముందు ఉన్నందున చాలామంది ఆ రెండింటిలో భాగహారానిదే పై మెట్టు అనుకుంటారు. నిజానికి అవి రెండూ సమానమే. ఎడమ నుండి కుడికి వెళ్తూ ఏది ముందు ఎదురైతే దానినే చేయాలి. కూడిక, తీసివేతలకూ ఇదే వర్తిస్తుంది. 9.6 − 3.45 + 1.2లో ముందు 6.15, తర్వాత 7.35 వస్తాయి. కూడికకు తొందరపడితే 9.6 − 4.65 = 4.95 అవుతుంది, అది తప్పు.

దుకాణాల్లో వాడే మామూలు కాలిక్యులేటరును ఇక్కడ నమ్మకండి. దానిలో 2.5 + 1.5 × 4 అని వరుసగా నొక్కితే, అది ముందు కూడికను ముగించి 16 చూపుతుంది. సైంటిఫిక్ కాలిక్యులేటరు మాత్రం సరైన 8.5 చూపుతుంది.

ఇక పూర్తి లెక్క ఒకటి చేద్దాం: 12.6 − 0.4 × (5.5 + 2 ÷ 0.8). బ్రాకెట్టు లోపల కూడా క్రమం ఉంటుంది కనుక ముందు భాగహారమే చేయాలి. రెండు సంఖ్యల బిందువులనూ ఒక్కో స్థానం కుడికి జరిపితే 20 ÷ 8 = 2.5 అవుతుంది.

= 12.6 − 0.4 × (5.5 + 2.5)
= 12.6 − 0.4 × 8
= 12.6 − 3.2
= 9.4

ఒక్కో వరుసలో ఒక్క ప్రక్రియనే చేసి, మిగిలినదంతా ఉన్నది ఉన్నట్టు కిందికి దించాలి. కాగితం ఎక్కువ పడుతుంది, పట్టనివ్వండి. మధ్య వరుసల్లో సంఖ్యలను దగ్గరి విలువకు సవరించకండి (రౌండ్ చేయకండి). సవరింపు అవసరమైతే చివరి జవాబుకే చేయాలి.

అభ్యాసం: 3.6 ÷ 0.9 × (2.5 − 1.25) + 0.75. జవాబు 5.75 రావాలి. 3.95 వస్తే మీరు భాగహారం కంటే ముందు గుణకారం చేశారన్నమాట. బోడ్‌మాస్ గురించి చెప్పిన పేరాను మళ్లీ చదివి, లెక్కను మొదటి వరుస నుండి తిరిగి చేయండి.