ఎయిడెడ్ టీచర్ నియామకానికి ఆమోదం రాకపోతే: డీఈవో ఆఫీసు నుంచి హైకోర్టు దాకా

ఎయిడెడ్ బడిలో (ప్రైవేటు మేనేజ్‌మెంట్ నడిపినా టీచర్ల జీతానికి ప్రభుత్వం గ్రాంటు ఇచ్చే బడి) సెలెక్ట్ అయి, చేరి, రోజూ పాఠాలు చెబుతున్నా నియామకానికి విద్యాశాఖ ఆమోదం వచ్చేదాకా గ్రాంటు జీతం పడదు. ఆ ఫైలు ఆగితే నష్టపోయేది టీచరే. అందుకే మేనేజ్‌మెంట్ కదిలేదాకా చూడకుండా మీ పేరుతోనే చర్యలు మొదలుపెట్టండి.

ముందు తేల్చుకోవాల్సింది, ఆగింది ఆలస్యం వల్లా, లోపం వల్లా అన్నది. పోస్టు భర్తీకి ముందస్తు అనుమతి, పత్రికా ప్రకటన, సెలక్షన్ కమిటీ మినిట్స్, రోస్టర్ పాయింటు (రిజర్వేషన్ క్రమంలో ఆ పోస్టు స్థానం), సర్టిఫికెట్లు, వీటిలో ఏది లేకున్నా ఫైలు అభ్యంతరంతో తిరిగొస్తుంది. 1 నుంచి 8 తరగతుల పోస్టుకు టెట్ (ఉపాధ్యాయ అర్హత పరీక్ష) కూడా చూస్తారు. మైనారిటీ బడులకు టెట్ వర్తింపు విషయాన్ని సుప్రీంకోర్టు 2025 సెప్టెంబరు 1న విస్తృత ధర్మాసనానికి నివేదించింది. భర్తీపై నిషేధం ఉందన్నది అభ్యంతరమైతే ఆలస్యం మీద వాదించి లాభం లేదు. ఆ నిషేధం మీ పోస్టుకు వర్తించదని గానీ, చెల్లదని గానీ రిట్‌లో (హైకోర్టులో నేరుగా వేసే పిటిషన్) అడగాలి.

కరస్పాండెంట్ (మేనేజ్‌మెంట్ ప్రతినిధి) పంపిన ప్రపోజల్స్ పూర్తి నకలు, దానిపై డీఈవో (జిల్లా విద్యాధికారి) ఆఫీసు తపాల్ సెక్షన్ వేసిన తేదీ ముద్ర, ఇన్వర్డ్ నంబరు సంపాదించండి. ఇవి లేకుంటే "మాకు అందలేదు" అన్న ఒక్క మాటతో కేసు నీరుగారిపోతుంది. తర్వాత మీ పేరుతో డీఈవోకు వినతిపత్రం రాసి, నకలు పాఠశాల విద్యాశాఖ కమిషనర్ లేదా డైరెక్టర్‌కు రిజిస్టర్డ్ పోస్టులో పంపండి. అందులో ఇన్వర్డ్ నంబరు, చేరిన తేదీ, కోరుతున్న ఉత్తర్వు రాస్తే చాలు.

దాంతోపాటే సమాచార హక్కు దరఖాస్తు వేయండి. జిల్లా ఆఫీసుకు రుసుము 10 రూపాయలు. "ఎందుకు ఆలస్యం చేశారు?" అని అడిగితే అది సమాచారం కాదని తోసిపుచ్చుతారు. ఇలా అడగండి: "ఫలానా ఇన్వర్డ్ నంబరు ఫైలు నోట్ షీట్ల నకళ్లు, ఏ తేదీన ఎవరి దగ్గర ఉందో చూపే కదలిక వివరాలు, ఇప్పుడు ఎవరి దగ్గర ఉందో వారి హోదా." 30 రోజుల్లో జవాబు రాకుంటే, ఆ గడువు ముగిసిన 30 రోజుల్లోగా మొదటి అప్పీలు వేయాలి. నోట్ షీట్‌లో సీనియర్ అసిస్టెంట్ రాసిన ఒక్క వాక్యం చాలాసార్లు అసలు కారణాన్ని బయటపెడుతుంది. జవాబు కోసం రిట్‌ను మాత్రం ఆపకండి.

వినతిపత్రానికి సహేతుకమైన గడువులో కదలిక లేకపోతే రాజ్యాంగంలోని ఆర్టికల్ 226 కింద హైకోర్టులో మాండమస్ రిట్ (అధికారి తన విధి నిర్వర్తించేలా ఆదేశించమని కోరే పిటిషన్) వేయాలి. ప్రభుత్వంపై సివిల్ దావాకు కావాల్సిన సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 80 ముందస్తు నోటీసు దీనికి అక్కర్లేదు. ప్రభుత్వ ముఖ్య కార్యదర్శి, కమిషనర్ లేదా డైరెక్టర్, ఆర్‌జేడీ (ప్రాంతీయ సంయుక్త సంచాలకుడు), డీఈవోలతో పాటు మేనేజ్‌మెంట్‌నూ ప్రతివాదిగా చేర్చండి.

రిట్‌లో కోర్టును ఏం కోరుతున్నారో రాసే ప్రార్థన భాగాన్ని లాయరుతో కూర్చుని మాటమాటా చూసుకోండి. ఒట్టి "పరిశీలించండి" అన్న ఆదేశం వస్తే, అధికారి పరిశీలించి తిరస్కరించినా కోర్టు మాట పాటించినట్టే. ఏపీఎస్ఆర్టీసీ వర్సెస్ జి.శ్రీనివాస్ రెడ్డి కేసులో 2006లో సుప్రీంకోర్టు ఇలాంటి ఆదేశాల వల్ల వచ్చే చిక్కును వివరంగా చెప్పింది. కాబట్టి మూడూ అడగండి: నిర్ణీత వారాల్లో కారణాలతో కూడిన ఉత్తర్వు, అర్హత ఉంటే నియామక తేదీ నుంచే ఆమోదం, ఆ తేదీ నుంచి జీతం బకాయిలు.

ఏళ్ల తరబడి వినతులు ఇస్తూ కూర్చోవద్దు. ఎన్ని వినతులిచ్చినా పాతబడిన హక్కు కొత్తది కాదని 2008లో సి.జాకబ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. అదే ఏడాది తర్సెమ్ సింగ్ తీర్పు ప్రకారం, నెలనెలా కొనసాగే నష్టంలోనూ ఆలస్యంగా వస్తే బకాయిలు మామూలుగా రిట్‌కు ముందు మూడేళ్లకే పరిమితమవుతాయి.

తీర్పు వచ్చాక సర్టిఫైడ్ కాపీని డీఈవో ఆఫీసులో ఇచ్చి రసీదు తీసుకోండి. కోర్టు పెట్టిన గడువు కాపీ అందిన తేదీ నుంచి మొదలయ్యేటట్టయితే ఆ రసీదే ఆధారం. గడువు దాటితే కోర్టు ధిక్కార కేసు వేయవచ్చు, ధిక్కారం జరిగిన ఏడాదిలోగా. ఈలోగా తిరస్కరణ ఉత్తర్వు వస్తే అందులోని కారణాలను ఒక్కొక్కటిగా సవాలు చేస్తూ కొత్త రిట్ వేయాల్సి ఉంటుంది.