ఊరి చరిత్రలో మన్రో దొరను రాసేముందు

కంభం, గిద్దలూరు, మార్కాపురం వైపు ఊరి చరిత్ర రాయబోతే థామస్ మన్రో పేరు తగలక మానదు. 1780లో ఈస్టిండియా కంపెనీ సైన్యంలో క్యాడెట్‌గా మద్రాసులో దిగి, మైసూరు యుద్ధాల్లో పోరాడి, 1792లో బారామహల్‌లో (ఇప్పటి తమిళనాడులోని సేలం, ధర్మపురి వైపు) శిస్తు పనిలోకి వచ్చినవాడు. 1800 నుంచి 1807 దాకా దత్తమండలాలకు, అంటే నిజాం కంపెనీకి వదిలిన ప్రాంతాలకు, ప్రిన్సిపల్ కలెక్టరు. 1820లో మద్రాసు గవర్నరయ్యాడు. 1827 జులై 6న పత్తికొండలో కలరాతో చనిపోయాడు.

ముందు మీ ఊరి పాత తాలూకా తేల్చుకోండి. 1970లో ప్రకాశం జిల్లాను మూడు జిల్లాల నుంచి తీసి కలిపారు. మార్కాపురం, గిద్దలూరు కర్నూలువి, ఒంగోలు గుంటూరుది, కందుకూరు, కనిగిరి, పొదిలి, దర్శి నెల్లూరువి. మన్రో కలెక్టరుగా ఏలింది మొదటి భాగాన్నే. దర్శి, పొదిలి వైపు వెంకటగిరి జమీందారీ నడిచింది. కాబట్టి అక్కడి ఊళ్లకు మన్రో రైతువారీ (రైతు నేరుగా సర్కారుకే శిస్తు కట్టే పద్ధతి) కొలతలు అంటగట్టకండి.

చాలామంది తప్పేది రికార్డులు అడిగేచోటే. మార్కాపురం, గిద్దలూరు వైపు ఊళ్లకు ఆర్కైవ్స్‌లో (సర్కారు పాత కాగితాలు దాచేచోట) 1807 దాకా దత్తమండలాల కింద, 1808 నుంచి 1858 దాకా కడప జిల్లా కింద వెతకాలి. కర్నూలు కింద అడిగితే దొరకవు. పాత ఇంగ్లీషు రాతల్లో కంభాన్ని ‘కమ్మమ్’ అని కూడా రాశారు, ఖమ్మం అనుకుని కాగితం పక్కన పెట్టేయకండి. ఫసలీ (శిస్తు లెక్కల ఏడాది) అంకెకు 590 కలిపితే అది మొదలైన ఇంగ్లీషు సంవత్సరం వస్తుంది: ఫసలీ 1210 అంటే 1800 జులైలో మొదలైన ఏడాది.

ఇక కొలతలు. మన్రో సర్వేలో గొలుసు పొడవు 33 అడుగులు. ఆ గొలుసుకు చదరం 1,089 చదరపు అడుగులు, అంటే ఒక గుంట. 40 గుంటలు ఎకరం, కాబట్టి గుంటకు రెండున్నర సెంట్లు. పాత లెక్కలో 12 గుంటలుంటే 30 సెంట్లని రాసుకోండి.

మండలాఫీసులో దొరికే పాత ఎఫ్.ఎం.బి. (పొలం కొలతల పుస్తకం) పటం వేరు. మద్రాసు సర్వే శాఖ 1858లో మొదలైంది, దాని గొలుసు 66 అడుగులు, 100 లింకులు. వెయ్యి చదరపు లింకులు ఒక సెంటు. పటంలో మూల నుంచి మూలకు గీసిన నడిమి గీత 400 లింకులు, దానికి నిలువుగా అటు మూల 150, ఇటు మూల 100 లింకుల దూరంలో ఉంటే: 400ను 250తో హెచ్చవేసి సగం చేస్తే 50,000, అంటే 50 సెంట్లు. కొత్త పటాల్లో అంకెలు మీటర్లలో ఉంటాయి, వాటిని లింకులుగా చదివితే విస్తీర్ణం మొత్తం తారుమారవుతుంది. ఇప్పటి సర్వే నంబర్లు కూడా ఈ తర్వాతి సర్వేలవే. వాటిని మన్రో వేశాడని రాయకండి.