ఉరుము వినపడితే ముందు ప్లగ్గు పీకండి
ఎండాకాలం సాయంత్రాలు మా నల్గొండ వైపు ఉన్నట్టుండి మబ్బు పట్టి పిడుగులు పడుతుంటాయి. టీవీ స్విచ్ ఆపితే చాలనుకోకండి. స్విచ్ లోపలి సందు చాలా చిన్నది, పిడుగు కరెంటు దాన్ని దూకేస్తుంది. ఉరుములు దగ్గరపడకముందే ప్లగ్గు, కేబుల్ వైరు రెండూ పీకాలి. పోయినేడు మా ఇంట్లో ప్లగ్గు తీసిన ఫ్రిజ్‌కు ఏమీ కాలేదు, మరిచిపోయిన సెట్‌టాప్ బాక్స్ నల్లగా మాడింది.

దేవరకొండ రోడ్డు మీద బైక్‌పై ఉంటే వేపచెట్టు కిందికి మాత్రం పోవద్దు, దయచేసి. దగ్గర్లో పక్కా ఇల్లు చూసుకోండి. కారైతే రోడ్డు పక్కకు ఆపి, అద్దాలు ఎక్కించి లోపలే కూర్చోండి. కాపాడేది టైర్లు కాదు, చుట్టూ ఉన్న ఇనుప బాడీ. అందుకే తలుపు రేకును తాకకండి. చివరి ఉరుము విన్నాక 30 నిమిషాలు ఆగి దిగండి.